బ్యాటు దించాక మైకు

2023 ఐపీఎల్ ఫైనల్. అహ్మదాబాద్‌లో వాన వెలిసి, అర్ధరాత్రి దాటాక ఆట మళ్లీ మొదలైంది. చెన్నైకి 15 ఓవర్లలో 171 కావాలి. మోహిత్ శర్మ వేసిన పదమూడో ఓవర్‌లో అంబటి రాయుడు వరుసగా సిక్స్, ఫోర్, సిక్స్ బాది, నాలుగో బంతికి మోహిత్‌కే క్యాచ్ ఇచ్చాడు. ఎనిమిది బంతుల్లో 19. ఇదే చివరి మ్యాచ్ అని ముందురోజే చెప్పేశాడు. చెన్నై గెలిచాక కప్పు అందుకోవడానికి ధోనీ అతణ్ని ముందుకు తీసుకెళ్లాడు. రాయుడికి అది ఆరో ఐపీఎల్ టైటిల్.

వినుకొండ వాళ్లకు రాయుడు మన జిల్లావాడే. 2022 ఏప్రిల్‌లో పల్నాడు జిల్లా ఏర్పడేదాకా వినుకొండ ఉన్నదీ, 1985లో అతడు పుట్టిందీ గుంటూరు జిల్లాలోనే. ఆట మాత్రం హైదరాబాద్‌లో పదునెక్కింది. పదిహేడేళ్లకే ఆంధ్రపై ఒకే రంజీ మ్యాచ్‌లో 210, 159 నాటౌట్. 2004లో అండర్-19 ప్రపంచకప్ జట్టుకు కెప్టెన్. అంతటివాడు తొలి వన్డే ఆడటానికి 2013 దాకా ఆగాల్సి వచ్చింది. బీసీసీఐ గుర్తింపు లేని ఇండియన్ క్రికెట్ లీగ్ (ఐసీఎల్)లో చేరడం, అధికారులతో పేచీలు... కారణాలు చాలానే ఉన్నాయి. ఆడిన 55 వన్డేల్లో సగటు 47.

2019 ప్రపంచకప్ జట్టులో అతడి పేరు లేదు. అతడి బదులు తీసుకున్న విజయ్ శంకర్‌ను మూడు విధాలా పనికొచ్చే ‘త్రీ డైమెన్షనల్’ ఆటగాడన్నారు చీఫ్ సెలెక్టర్ ఎమ్మెస్కే ప్రసాద్. ఆయనదీ గుంటూరు జిల్లాయే! ప్రపంచకప్ చూడటానికి త్రీడీ కళ్లద్దాలు ఆర్డర్ చేశానని రాయుడు ట్విటర్‌లో చురక వేశాడు. ఆ జులైలో రిటైర్మెంట్ ప్రకటించి, మరుసటి నెలలో వెనక్కి తీసుకున్నాడు.

ఆటగాడిగా అతణ్ని ఇబ్బందుల్లోకి నెట్టిన ఈ ముక్కుసూటితనమే టీవీవాళ్లకు సరుకైంది. 2023 చివర్లో వైసీపీలో చేరి, పది రోజులు తిరక్కుండానే బయటికొచ్చి, 2024 ఐపీఎల్‌కల్లా స్టార్ స్పోర్ట్స్‌లో తేలాడు. అక్కడ ఎమ్మెస్కే ప్రసాద్ అప్పటికే తెలుగు కామెంటరీ చెబుతున్నారు.

కామెంటరీ తేలికేం కాదు. ముందు మానిటర్, చెవిలో ప్రొడ్యూసర్ గొంతు. బౌలర్ పరుగు మొదలెట్టేలోగా మాట ముగించాలి. ఫోర్ వెళ్లిందని చెప్పనక్కర్లేదు, అందరూ చూస్తూనే ఉంటారు. ఆ ఫీల్డర్ అక్కడెందుకు లేడో చెప్పాలి. మాజీ ఆటగాళ్లను పిలిచేది అందుకే.

ఫుట్‌బాల్‌లో ఈ దారికి పెద్ద గుర్తు ఇంగ్లండ్ మాజీ ఆటగాడు గ్యారీ లినెకర్. 1986 ప్రపంచకప్‌లో ఆరు గోల్స్‌తో టాప్ స్కోరర్. కెరీర్ మొత్తంలో ఒక్క పసుపు కార్డు కూడా చూడలేదు. 1999 నుంచి 2025 దాకా బీబీసీ ‘మ్యాచ్ ఆఫ్ ది డే’ నడిపాడు. శరణార్థుల విధానంపై ట్వీట్ చేసినందుకు 2023 మార్చిలో బీబీసీ అతణ్ని కొన్నాళ్లు పక్కనపెట్టింది. అంపైర్లతోనూ బోర్డుతోనూ గొడవపడ్డ రాయుడు సంగతి సరిగ్గా తలకిందులు: మైదానంలో చేటు తెచ్చిన నోరే స్టూడియోలో అన్నం పెట్టింది.

స్టూడియోలోనూ వాతలు తప్పవు. 2024 ఫైనల్ రోజు హైదరాబాద్ రంగైన ఆరెంజ్ కోటుతో వచ్చిన రాయుడు, కోల్‌కతా గెలిచాక నీలం రంగులోకి మారాడు. పక్కనున్న కెవిన్ పీటర్సన్ కెమెరా ముందే జోకర్ అనేశాడు. తాను రెండు జట్లకూ మద్దతిస్తున్నానని రాయుడు తడుముకోకుండా చెప్పాడు. 2025 సీజన్‌లోనూ అదే తెర మీద, అదే ధోరణిలో కనిపించాడు.