కంటిలోని కోణానికి ఒక సంఖ్య

వానాకాలంలో మా సిద్దిపేట కోమటి చెరువు కట్ట మీద నిలబడితే మీకొక ప్రశ్న తోచాలి. పైనుంచి నీరు వస్తూనే ఉంది, కింద తూము మూసుకుపోయింది. అప్పుడేమవుతుంది? చెరువుకైతే అలుగు ఉంది, పొంగి పారుతుంది. అలుగు లేని చెరువొకటి మీ కంటిలోనే ఉందని మీకు తెలుసా?

కార్నియాకూ కంటి కటకానికీ నడుమ ఉన్న నేత్రోదకాన్ని గురించి మీరు చదివే ఉంటారు. అది నిలవ నీరు కాదు. కనుపాప చుట్టూ ఉండే రంగు తెర, అంటే ఐరిస్ వెనుక, అది నిమిషానికి రెండు మూడు మైక్రోలీటర్ల చొప్పున ఊరుతూనే ఉంటుంది. కంటి మందు చుక్క ఒకటి సుమారు 50 మైక్రోలీటర్లు. ఎంతసేపటికి ఒక చుక్క ఊరుతుందో మీరే లెక్క కట్టండి. ఊరిన నీరు కనుపాప గుండా ముందుకు వచ్చి, కార్నియా, ఐరిస్ కలిసే మూలలో ఉన్న జల్లెడలాంటి కణజాలం ద్వారా రక్తంలోకి పోతుంది. ఆ మూలనే డాక్టర్లు ‘కోణం’ అంటారు. తూము అదే. రాకపోకలు సరిగా ఉంటే కంటిలో పీడనం 10 నుంచి 21 మిల్లీమీటర్ల పాదరసం మధ్య ఉంటుంది.

కొందరిలో ఈ కోణం పుట్టుకతోనే ఇరుకు. కన్ను చిన్నదైతే, ప్లస్ అద్దాలు వాడేవారైతే, స్త్రీలైతే ఆ అవకాశం ఎక్కువ. పైగా మన కటకం వయసుతో మందమవుతూ ఐరిస్‌ను ముందుకు నెడుతుంది. మసక చీకటిలో కనుపాప పెద్దదవుతుంది కదా, అప్పుడు ఐరిస్ అంచుకు ముడుచుకుని తూముకు అడ్డం పడవచ్చు. పీడనం ఒక్కసారిగా 50 దాటిపోవచ్చు. ఆ ఒత్తిడికి దృక్ నాడి నలిగితే మళ్లీ మొలవదు.

మా పెద్దమ్మకు ఒక సాయంత్రం ఇదే జరిగింది. విపరీతమైన తలనొప్పి, వాంతులు. దీపం చుట్టూ రంగుల వలయాలు కనబడుతున్నాయన్నది. పైత్యమనుకున్నాం. చూపించిన చోట కూడా కడుపుకే మందిచ్చారు. కంటి డాక్టరు దగ్గరికి చేరేసరికి మూడో రోజు. కుడికన్ను తిరిగి రాలేదు. ఎడమకంట్లో కోణం అంతే ఇరుకుగా ఉన్నా జబ్బు ఇంకా రాలేదు. లేజరు కిరణంతో ఆ కంటి ఐరిస్‌లో సన్నని రంధ్రం చేసి నీటికి అడ్డదారి కల్పించారు. చివరిదాకా ఆ ఒక్క కంటితోనే బియ్యంలో రాళ్లు ఏరింది.

చూశారా, మనిషి ఒక్కతే, కోణమూ ఒకటే తీరు. కాని ఒక కంటిది జబ్బు, రెండో కంటిది ముప్పు మాత్రమే. రెండింటినీ ‘గ్లాకోమా’ అని ఒకే గాటన కట్టడం తప్పు. మన హైదరాబాదులో 1990ల చివర ఎల్.వి. ప్రసాద్ నేత్ర వైద్య సంస్థ వారు ఇంటింటి నుంచి మనుషులను పిలిచి పరీక్షించినప్పుడు, ముప్పయి ఏళ్లు దాటినవారిలో వెయ్యికి సుమారు ఏడుగురికి ఇరుకు కోణపు గ్లాకోమా ఉంది. మరో పద్నాలుగు మందికి కోణం ఇరుకే తప్ప జబ్బు లేదు. కలిపి లెక్కిస్తే జబ్బు మూడింతలైనట్లు కనబడేది.

ఈ తేడా చెరిగిపోకుండా ఉండటానికే సంఖ్యలు. జబ్బుల అంతర్జాతీయ జాబితా 1893 నాటిది. 1948 నుంచి ప్రపంచ ఆరోగ్య సంస్థ దాన్ని చూస్తోంది. దాని పదో కూర్పును అమెరికావారు ఇంకా సూక్ష్మంగా విడగొట్టి 2015 నుంచి వాడుతున్నారు. అక్కడి ఆసుపత్రుల కాగితాలకు ఈ సంఖ్యలు వేసే ‘మెడికల్ కోడింగ్’ పని హైదరాబాదులో వేలమంది చేస్తున్నారు. మా బడిలో చదివిన ఒక అమ్మాయి కూడా అదే ఉద్యోగంలో ఉంది. బతుకమ్మకు వచ్చినప్పుడు మా పెద్దమ్మ సంగతి చెప్పి, “నువ్వయితే ఏం రాస్తావమ్మా?” అన్నాను.

“కుడికంటికి హెచ్ 40.211 సారూ. హెచ్ 40 అంటే గ్లాకోమా, 21 అంటే కోణం హఠాత్తుగా మూసుకున్నది, చివరి 1 కుడికన్ను. ఎడమకంటికి హెచ్ 40.032. ఈ 03 ఇరుకు కోణం, అనుమానం మాత్రమే. 2 అంటే ఎడమ. రెండు కళ్లూ అయితే 3, ఏ కన్నో రాయకపోతే 9.”

“అనుమానమున్న ప్రతివాళ్లకూ లేజరు చేస్తే పోదా?” అన్నాను. అడిగాను గాని, జవాబు తర్వాత నేనే వెదుక్కున్నాను. చైనాలోని గ్వాంగ్జౌలో 889 మంది అనుమానితులకు ఒక కంటికి లేజరు చేసి, రెండో కంటిని వదిలి, ఆరేళ్లు గమనించారు. ఫలితాలు 2019లో వచ్చాయి. లేజరు చేసిన కళ్లలో 19, చేయనివాటిలో 36 మాత్రమే చెడువైపు జరిగాయి. అందరికీ అవసరం లేదన్నమాట. అయితే ఒక కంటికి దెబ్బ తగిలినవారి రెండో కన్ను ఆ లెక్కలోకి రాదు, దానికి ముప్పు చాలా ఎక్కువ. మా పెద్దమ్మకు చేసింది సరైన పనే. కాని 40.032 ఒక్కటే చూసినవారికి ఈ సంగతి తెలియదు, కుడికంటి సంఖ్యను కూడా పక్కన పెట్టి చదవాలి.

ఆ అమ్మాయి, “పాత కార్డుంటే చూపెట్టండి సారూ” అన్నది. ట్రంకు పెట్టెలోంచి తీసి ఇచ్చాను. ‘గ్లాకోమా’ అని ఒక్క మాట, కింద సంతకం. ఏ కన్నో లేదు, ఏ రకమో లేదు.

“మీరు చెప్పింది నిజమే గాని, నేను కాగితం మీద ఉన్నదే రాయాలి సారూ. దీనికి హెచ్ 40.9. వివరం తెలియని గ్లాకోమా.”