కెవినా... కొమురయ్యా?

'హోమ్ అలోన్' చూశారు కదూ? ఇంటిల్లిపాదీ మరచిపోయి విమానమెక్కితే, ఇంట్లో ఒక్కడే మిగిలి దొంగల భరతం పట్టిన బుడతడు గుర్తున్నాడా? 1990లో వచ్చిన ఆ సినిమాలో వాడి పేరు కెవిన్. మా చెల్లెలికి చిన్నప్పటినుంచీ ఆ పేరంటే ప్రాణం! డబ్లిన్‌లో కాపురం, అక్కడే కొడుకు పుట్టాడు. ఇంకేం... "కెవిన్ అని పెడుతున్నం అన్నా" అంటూ ఫోను చేసింది.

కరీంనగర్‌లో మా అమ్మ మొహం చిన్నబోయింది. ఆవిడ లెక్కలో పేరు ఎప్పుడో ఖాయమైపోయింది. 2022లో పోయిన మా నాన్న పేరు... కొమురయ్య!

"అది ముసలోళ్ల పేరే అమ్మా!" అంది చెల్లెలు.

దాన్నేం అనగలను? నేను మాత్రం తక్కువ తిన్నానా? హైదరాబాద్ కాలేజీలో ఎవరైనా మా నాన్న పేరు అడిగితే "కుమార్ గారు" అని చెప్పినవాణ్ణి! సినిమాల్లో అలాంటి పేరు పాలేరుకో, నవ్వించే పాత్రకో పెట్టడం చూసి పెరిగాను మరి. హీరో అంటే రవి, విజయ్, కార్తీక్... కొమురయ్య హీరో ఏమిటండీ?

తమాషా ఏమిటంటే, అది ముసలి పేరు కానే కాదు. పాత తెలుగులో 'కొమరు' అంటే యౌవనం, అందం. 'కొమరుడు' అంటే కొడుకు. సంస్కృతంలో కుమారుడు, మన నోట కొమరుడు! అంటే నేను పడిన సిగ్గంతా ఒకే పేరును ఒక వేషంలోంచి ఇంకో వేషంలోకి మార్చడానికేనన్నమాట. దానికి తోడు కొమురెల్లి మల్లన్న దేవుడు. సంక్రాంతి నుంచి ఉగాది దాకా జాతర, ఒగ్గువాళ్ల కథలు, పసుపు బండారి. ఆ దేవుడికి మొక్కుకుని కన్న బిడ్డలే మా వైపు కొమురయ్యలు, కొమురమ్మలు, మల్లయ్యలు.

ఆదిలాబాద్ వైపు వెళితే కొమురం భీం. ఈ రెంటినీ కలిపేయకండి సుమా! అక్కడ కొమురం ఇంటిపేరు, గోండుల్లో ఒక వంశం పేరు. భీం అన్నదే అసలు పేరు. 1940లో జోడేఘాట్‌లో నిజాం పోలీసుల తూటాలకు ఒరిగిన ఆ వీరుడి మీద అల్లాణి శ్రీధర్ 1990లో తీసిన సినిమా 2010లో గానీ విడుదల కాలేదు. 2016లో ఒక జిల్లాకే ఆయన పేరు పెట్టారు. 2022లో 'ఆర్ఆర్ఆర్'లో ఎన్టీఆర్ భీం అయ్యేసరికి ఆ పేరు దేశాలు దాటింది.

మరి మా కొమురయ్య? ఆయనకూ రోజు వచ్చింది! 2023 మార్చిలో వేణు ఎల్దండి 'బలగం' విడుదలైంది. సిరిసిల్ల వైపు ఊళ్లలో తీసిన ఆ సినిమాలో ఊరంతా తిరిగి అందరితో పరాచికాలాడే తాత కొమురయ్య. కథ మొదట్లోనే ఆయన పోతాడు. పెట్టిన ముద్ద కాకి ముట్టదు. అప్పుడు మొత్తం సినిమాకి ఆయనే హీరో! ఊళ్లలో తెరలు కట్టి మరీ చూశారు. నేను అమ్మను హాలుకి తీసుకెళ్లాను. తెరమీద ఆ పేరు పిలిచిన ప్రతిసారీ అమ్మ కొంగు కళ్లకద్దుకుంది. నేను తలెత్తలేకపోయాను.

ఆ సంగతంతా చెల్లెలికి చెప్పాను. ఆమె మరో సంగతి చెప్పింది. కెవిన్ కూడా ఐర్లండ్ వాళ్ల పాత పేరేనట! ఆరో శతాబ్దంలో డబ్లిన్‌కి దక్షిణాన గ్లెండలాక్ అనే లోయలో, చెరువుల పక్కన తపస్సు చేసుకున్న సన్యాసి పేరు. ఏటా జూన్ 3న ఆయన పండుగ. వాళ్ల భాషలో దానికి అర్థం... అందంగా పుట్టినవాడు! చూశారా, వాళ్ల లోయలో కెవిన్, మన కొండమీద మల్లన్న. అక్కడ అందం, ఇక్కడ కొమరు. అర్థం ఒకటే అయినా ఒక పేరు మనకి మోజు, ఇంకోటి నామోషీ!

చివరికి ఇరవై ఒకటో రోజున వీడియోలో బారసాల. కాగితాల మీద కెవిన్ కొమురయ్య. చెల్లెలు వాడి చెవిలో మూడుసార్లు పిలిచింది.

"నువ్వూ పిలువవే అమ్మా" అన్నాను.

అమ్మ సిగ్గుపడింది. "మీ నాయిన పేరు నేనెన్నడన్న నోటితోని అన్ననారా?" అని, ఫోను దగ్గరికి జరిగి, "తాతా... ఓ తాతా..." అంది.

వాడు నవ్వాడు.

మీ ఇంట్లో కూడా మీరు నలుగురిలో చెప్పని పేరు ఒకటి ఉండే ఉంటుంది. ఒక్కసారి పైకి పిలిచి చూడండి!