పడవయే యిల్లయిన మోకెనులు

ఇల్లనిన మనకు గడపయు, తులసికోటయు, పెరటినుయ్యియు స్ఫురించును. ఇవి యేవియు లేక తరతరములుగా నీటిమీదనే కాపురము చేసిన జాతి యొకటి కలదు. బర్మాదేశపు దక్షిణతీరమున దాదాపు 800 దీవులుగల మెర్గుయీ ద్వీపసమూహమును, దానికి దిగువనున్న థాయిలాండువారి సురిన్ దీవులును వీరి నెలవులు. వీరిని మోకెనులందురు.

వీరి పడవపేరు కబాంగ్. పెద్దమ్రానును దొలిచి, నిప్పుసెగ చూపి, వెడల్పుచేసి దీనిని కట్టెడివారు. ఆకులకప్పు క్రిందనే వంటయు, నిద్రయు, శిశుపోషణయు జరుగుచుండెడివి. మొగలిజాతి యాకులతో చాపలల్లుట స్త్రీలపని; తెడ్డువేయుటయందును వారు వెనుదీయరు. క్రొత్తగా పెండ్లియైన జంటకు వేఱుకాపురమనగా వేఱుపడవయే యగుచుండెడిది. ఎన్ని పెట్టెలున్నను చాలని మనబోంట్లు ఆ సంసారమును చూడవలసినదే! వానకాలమున మాత్రము ఒడ్డున గుడిసెలు వేసికొనెడివారు. గవ్వలను, సముద్రదోసకాయలనబడు జలచరములను ఏఱి, వర్తకులకిచ్చి బియ్యము పుచ్చుకొనెడివారు.

పడవకు ముందువెనుకల రెండు గండ్లుండును. నీటినుండి పైకెక్కుటకు అవి మెట్లవలె నుపయోగించును. వాని కొక కథ కూడ గలదు. పూర్వము సిబియన్ అను రాణి గామన్ అను మలయా వర్తకుని పెండ్లాడెనట. అతడు ఆమె చెల్లెలు కెన్‌ను మోహింపగా, రాణి కోపించి, చెల్లెలిని నీట ముంచుడనియు, ప్రజలు పడవలపై తిరుగుచు, దేనిని కూడబెట్టక జీవింపుడనియు శాసించెనట. ఆ గండ్లలో నొకటి పడవకు నోరు, రెండవది మలద్వారము. తిన్నది నిలువ యుండదని భావము. భర్త చేసిన తప్పునకు జాతియంతయు దండన ననుభవించుట మాకు విపరీతముగా తోచినది.

వీరి పిల్లలు నీటిలోపల కన్నులు తెఱచి, ఐరోపా పిల్లలకంటె రెండింతలు స్పష్టముగా చూచెదరని అన్నా గిస్లేన్ అను స్వీడను శాస్త్రజ్ఞురాలు 2003లో ప్రకటించినది. మునిగినపుడు వారి కనుపాప మిక్కిలి ముడుచుకొనును. పిదప ఐరోపా పిల్లలకు అభ్యాసము చేయింపగా వారికిని ఆ శక్తి యబ్బినది.

మన కోస్తాతీరమును సైతము తాకిన 2004 డిసెంబరు 26 నాటి ఉప్పెనదినమున, సురిన్ దీవులలో సముద్రము వెనుకకు తగ్గుట పెద్దలు చూచిరి. మనుష్యులను మ్రింగు "లబూన్" అను అలనుగూర్చి తాతలు చెప్పిన మాట వారికి తలపునకు వచ్చెను. పిల్లలతో మెఱకకు పరుగిడిరి. గ్రామము కొట్టుకొనిపోయినను దాదాపు అందఱును బ్రతికిరి.

సముద్రమునకు వెఱవని వారిని శాసనములు ఒడ్డున కట్టివేసినవి. సురిన్ దీవులు 1981లో జాతీయోద్యానమయ్యెను. కబాంగ్‌కు తగిన మ్రాకులు కొట్టరాదు. అడవిని కాపాడుట మంచిదే, కాని యింటికొక మ్రాను వారి కీయరాదా? పెక్కుమందికి పౌరసత్వపత్రములు సైతము లేవు. ఉప్పెన పిదప ఒక్కచోట చేర్చి కట్టిన గుడిసెలలో చాలభాగము 2019 ఫిబ్రవరిలో కాలిపోయినవి. మరల గుడిసెలు లేచినవి. పడవకట్టు నేర్పుగల వృద్ధులు కొలదిమందియే మిగిలిరి. వారి మనుమలు థాయి యక్షరములు దిద్దుచున్నారు.