‘ఎట్ ది ఎర్త్స్ కోర్’ నవల - ఒక పరిశీలన

భూమి అడుగున మరొక లోకం ఉన్నదనే భావన మానవునికి నూతనమైనది కాదు. మన పురాణాలు అతలం మొదలు పాతాళం వరకు ఏడు అధోలోకాలను పేర్కొన్నాయి. పాశ్చాత్య దేశాలలో శాస్త్రజ్ఞులు సైతం ఈ విషయాన్ని చర్చించారు. అయస్కాంత సూచి చూపే దిశ కాలక్రమాన మారుటకు హేతువును అన్వేషిస్తూ, 1692లో ఎడ్మండ్ హేలీ భూమి లోపల బోలుగా ఉన్నదని, అందులో వేరు గోళాలు తిరుగుతున్నవని ప్రతిపాదించాడు. శాస్త్రం విడిచిపెట్టిన ఆ భావనను అనంతరం కథకులు చేపట్టారు. అట్టి కథలలో ప్రసిద్ధమైనది ‘ఎట్ ది ఎర్త్స్ కోర్’. టార్జాన్ పాత్రను సృష్టించిన అమెరికన్ రచయిత ఎడ్గార్ రైస్ బరోస్ దీని కర్త. ఇది 1914లో ‘ఆల్-స్టోరీ వీక్లీ’ అనే వారపత్రికలో ధారావాహికగాను, 1922లో గ్రంథరూపంలోను వెలువడింది.

కథాసారం ఇది. డేవిడ్ ఇన్నెస్ అనే సంపన్న యువకుడు, ఆబ్నర్ పెర్రీ అనే వృద్ధ శాస్త్రజ్ఞుడు నేలను తొలిచే యంత్రంలో బయలుదేరుతారు. యంత్రం మరలడానికి నిరాకరిస్తుంది. 500 మైళ్లు దిగిన పిమ్మట వారు బోలు భూగోళపు లోపలి తలంపై గల పెల్లూసిడార్ అనే లోకంలో బయటపడతారు. అక్కడ నేల దూరమైన కొలది పైకి వంగి కనిపిస్తుందే గాని దిగంతరేఖ లేదు. నడుమ నిశ్చలంగా నిలిచిన సూర్యుడు ఎన్నడూ అస్తమించడు. సూర్యాస్తమయం లేనందున దినము లేదు. దినము లేనందున కాలగణనమే లేదు. ఎన్నో సాహసాలు గడిపి డేవిడ్ తిరిగివచ్చేసరికి, పఠనంలో మునిగిన పెర్రీకి అతడు అప్పుడే వెళ్లివచ్చినట్లు తోస్తుంది.

ఆ లోకాన్ని ఏలేవారు మహార్లు. ఇవి రెక్కలు గల సరీసృపాలు. మేధావంతమైనవి, కాని చెవిటివి. గొరిల్లాలను పోలిన సాగోత్‌ల సహాయంతో ఇవి మనుషులను బానిసలుగా చేసి, పశువులవలె చూస్తాయి. మనుషులు శబ్దం ద్వారా పరస్పరం భావాలను తెలుపుకుంటారన్న సంగతి వాటి ఊహకు అందదు. ఈ నవలలో మన ఆలోచనకు అత్యంత యోగ్యమైన అంశం ఇదేనని నా అభిప్రాయం. లోపం వినలేని వారిది. నింద మాత్రం మాట్లాడేవారిది! ఎదుటివాని భాష మన చెవికి ఎక్కనంత మాత్రాన అతనికి ఆలోచనయే లేదని తలచడం మహార్లకే పరిమితమైన దోషమా అని పాఠకుడు తన్ను తాను ప్రశ్నించుకోవాలి.

ఇక శాస్త్రదృష్టితో చూస్తే ఈ లోకం నిలువదు. 1798లో కావెండిష్ జరిపిన ప్రయోగం భూమి సగటు సాంద్రత నీటికి సుమారు అయిదున్నర రెట్లని తేల్చింది. పైనున్న శిలల సాంద్రత మూడు రెట్లకు లోపే గనుక, లోపలి పదార్థం మరింత బరువైనదై ఉండాలి. పైగా బోలు గోళం లోపల ఆ గోళపు ఆకర్షణ శూన్యమని న్యూటన్ నిరూపించాడు. అక్కడ కాలు మోపి నడవడమే అసాధ్యం. భారత భూగర్భ సర్వేక్షణ సంస్థలో పనిచేసి, 1897 నాటి అస్సాం భూకంపాన్ని పరిశీలించిన ఓల్డ్‌హామ్, 1906లో భూకంప తరంగాల ఆధారంతో భూమికి కేంద్రగర్భం ఉన్నదని చూపాడు. ఆ గర్భంలో వేరొక లోపలి భాగం ఉన్నదని 1936లో ఇంగే లేమన్ కనుగొన్నది. మానవుడు తవ్విన మిక్కిలి లోతైన రంధ్రం, రష్యాలోని కోలా వద్దనున్నది, 1989లో 12,262 మీటర్లకు చేరింది. అంటే బరోస్ యంత్రం దిగిన లోతులో అది అరవైయవ వంతు కూడా లేదు!

నవలలో మరొక లోపం ఉన్నది. బానిసలను ఏకం చేసిన డేవిడ్ వారికి సోదరుడుగా గాక చక్రవర్తిగా నిలుస్తాడు; మరిన్ని ఆయుధాలను, గ్రంథాలను తెచ్చేందుకు భూమిపైకి వస్తాడు. విముక్తి కలిగించినవాడే ఏలికగా మారడంలో రచయితకు విపరీతమేమీ తోచలేదు. అది ఆనాటి సామ్రాజ్యవాద దృష్టికి గుర్తు.

అయినను ఈ గ్రంథం పఠనయోగ్యమే. కథావేగాన్ని ఆనందిద్దాం, శాస్త్రాన్ని పాఠ్యగ్రంథాలనుండి గ్రహిద్దాం. ఇతరుల మాట వినలేని మహార్ల చెవిటితనం మాత్రం మనలో చేరకుండా జాగ్రత్త వహిద్దాం.