ఇంథనోన్ కొండ – ఏనుగుల లోయ

థాయిలాండు దేశానికి ఉత్తరపు కొసన చియాంగ్ మాయి అనే పాత నగరం ఉంది. ఆ పేరుకు అర్థం ‘కొత్త పట్నం’. పేరుకే కొత్తది గాని, మంగ్రాయి రాజు దానిని కట్టించినది 1296లో. నలుచదరపు కోట కందకం నేటికీ నీళ్ళతో నిండి ఉంది. బ్యాంకాకు నుంచి విమానంలో గంటకు పైచిలుకు ప్రయాణం.

ఈ ఊరికి వచ్చే యాత్రికులు ముఖ్యంగా కోరేవి రెండు: కొండ ఎక్కడం, ఏనుగును దగ్గరగా చూడడం. రెంటినీ ఒకే రోజున చూపించే ఏర్పాట్లు ఊళ్ళో వీధివీధినా ఉన్నాయి. అటువంటి ఒక యాత్రలో నేను 2024 నవంబరులో వెళ్ళాను. ఉదయం ఏడు గంటలకు వ్యాను వచ్చింది. మొత్తం పదిమందిమి. ఫ్రెంచివాళ్ళు నలుగురు, కొరియా యువతులు ముగ్గురు; నాకు ఆనందం కలిగించిన సంగతి, మన పలమనేరు దగ్గరి పల్లె నుంచి వచ్చిన రైతు దంపతులు. వారి కుమారుడికి బ్యాంకాకులో ఉద్యోగం. మా గైడు కరెన్ తెగకు చెందిన యువకుడు. కరెన్లు తమను తాము ‘పగాకెన్యో’ అంటారు; వారి భాషలో ఆ మాటకు ‘మనిషి’ అనే అర్థమట.

ఇంద్రుని పేరు గల కొండ

నగరానికి నైరుతి దిశగా చోమ్ థోంగ్ అనే ఊరు దాటాక ఘాటు రోడ్డు మొదలవుతుంది. పైన ఉన్నది డోయి ఇంథనోన్. అక్కడివారి భాషలో ‘డోయి’ అంటే కొండ. 2,565 మీటర్ల ఎత్తు. థాయిలాండు మొత్తంలో ఇంతకు మించిన శిఖరం లేదు. చుట్టూ 482 చదరపు కిలోమీటర్ల జాతీయ వనం.

తెలుగు చదువుకొన్నవానికి ఈ దేశంలో పేర్లే ఒక వినోదం. ఈ కొండకు చియాంగ్ మాయిని ఏలిన ఇంథవిచయానోన్ ప్రభువు పేరు పెట్టారు. అక్షరాలు విప్పి చూస్తే అది మన ‘ఇంద్రవిజయానంద’ శబ్దమే! వారి నోట అలా మెత్తబడింది. ఆయన 1897లో పోయాడు. అడవులంటే ఆయనకు మక్కువ. తన అస్థికలు ఈ కొండమీదనే ఉంచమని కోరాడట. శిఖరాన చెట్ల నీడను ఆ చిన్న స్తూపం ఇప్పటికీ ఉంది. అక్కడి చెట్లకు కాండమంతా నాచు, నాచుమీద పర్ణికలు. మంచు తెరలు తెరలుగా వచ్చి పోతుంటుంది. పలమనేరు అమ్మగారు కొంగు తలమీదుగా కప్పుకొని, “తిరుమల కొండమీద మార్గశిరంలో ఇట్లే ఉంటుంది సార్” అన్నారు.

కాలినడక శిఖరం నుంచి కాదు. కొంత దూరం వ్యానులో దిగివచ్చి, ఫా డోక్ సియో అనే కాలిబాటలో నడిచాము. రెండున్నర కిలోమీటర్ల పైచిలుకు దారి, చాలావరకు దిగుడే. స్థానికుడైన గైడు లేకుండా ఆ బాటలోకి పంపరు. ఇది మంచి నియమం. దారి తప్పే భయం ఉండదు, ఊరివారికి నాలుగు డబ్బులు దొరుకుతాయి.

దారిలో జలపాతాల హోరు. ఒకచోట గైడు ఆగి ఒక చెట్టు చూపించాడు. కరెన్ ఇళ్ళల్లో బిడ్డ పుట్టగానే బొడ్డుతాడును వెదురు గొట్టంలో పెట్టి ఒక చెట్టుకు కట్టే ఆచారం ఉన్నదట. ఆ బిడ్డ ప్రాణం ఆ చెట్టుతో ముడిపడి ఉంటుందని నమ్మకం. ఆ చెట్టును ఎవ్వరూ నరకరు. ఊళ్ళో ఎందరు మనుషులో అడవిలో అన్ని చెట్లకు అభయం దొరికినట్లే! అడవిని కాపాడడానికి ఇంతకన్న సులభమైన శాసనం మరొకటి ఉంటుందా?

అడవి అంచు దాటేసరికి కన్నులపండుగగా మెట్ల పొలాలు. వరికోతల కాలం. పంట కోసి పనలు పరిచారు. మే క్లాంగ్ లువాంగ్ అనే ఆ పల్లెలో ఒక ఇంటి అరుగుమీద కూర్చుని, వారి చెట్లకు కాచిన గింజలు వేయించి కాచిన కాఫీ తాగాము. ఈ కొండల్లో కొన్నిచోట్ల ఒకప్పుడు నల్లమందు పండేది. భూమిబల్ మహారాజు 1969లో ప్రారంభించిన రాజప్రణాళిక వల్ల దాని స్థానంలో పూలు, కూరగాయలు, కాఫీ వచ్చాయి.

పని పోయిన ఏనుగులు

భోజనానంతరం మే వాంగ్ లోయకు వెళ్ళాము. అక్కడ ఏనుగులు ఎందుకున్నాయో ముందు చెప్పాలి.

ఈ దేశపు జెండామీద 1916 దాకా తెల్లయేనుగు బొమ్మ ఉండేది. చట్టంలో మాత్రం పెంపుడు ఏనుగుకు అంత గౌరవం లేదు. 1939 నాటి చట్టం ప్రకారం అది గుర్రం, ఎద్దు, గేదెల వంటి పని జంతువు. అడవి నుంచి టేకు దుంగలు లాగడం దాని పని. 1988 నవంబరులో దక్షిణ జిల్లాలలో ఘోరమైన వరదలు వచ్చి వందలాది జనం చనిపోయారు. కొండలను బోడి చేయడమే కారణమని దేశమంతా గగ్గోలు పుట్టింది. 1989 జనవరిలో ప్రభుత్వం కలప నరకడాన్ని నిషేధించింది.

అడవికి అది మేలే. కాని ఒక్క కలంపోటుతో ఏనుగులకు, మావటీలకు పని పోయింది. ఏనుగు రోజుకు నూటయాభై కిలోల మేత తింటుంది. ఎద్దును అమ్మినట్లు ఎవరికి అమ్మాలి? కొందరు మావటీలు ఏనుగుతో బ్యాంకాకు వీధులలో భిక్షాటనకు దిగారు. తక్కినవారిని యాత్రికుల వ్యాపారం ఆదుకొన్నది. ఏనుగు వీపున బల్ల కట్టి సవారీ, బంతాట, కుంచెతో బొమ్మలు గీయించడం – ఇలా సాగింది.

ఆ ఆటల వెనుక ఏమున్నదో క్రమంగా లోకానికి తెలిసింది. గున్నయేనుగును తల్లి నుంచి విడదీసి, ఇరుకు బోనులో కట్టి, లొంగేదాకా బాధించే పద్ధతిని వారు ‘ఫజాన్’ అంటారు. పైగా ఏనుగు వీపు కంటికి కనిపించినంత గట్టిది కాదు. వెన్నుపూసలమీద ఎముక మొనలు పైకి లేచి ఉంటాయి. రోజంతా బల్లా, దానిమీద మనుషులూ ఒత్తుతూ ఉంటే ఏమవుతుంది? పుండ్లు పడతాయి, నడుము వంగుతుంది. అందుచేత సవారీ లేని, ఆటలు లేని శిబిరాలు వెలిశాయి. నేడు ఈ ప్రాంతంలో ‘సవారీ లేదు’ అని బోర్డు కట్టని శిబిరం అరుదు.

లోయలో

మేము వెళ్ళిన శిబిరంలో అయిదు ఏనుగులు. చేతులు కడిగించి, ముందు మాచేత ఉండలు కట్టించారు – అన్నం, అరటిపండు, చింతపండు, ఉప్పు కలిపి. చెరుకు ఉండగా ఇవెందుకని అడిగాను. ఏనుగుకు జీవితంలో ఆరుసార్లు దంతాలు వస్తాయి. నమిలే పళ్ళ సంగతి సుమా, పైకి కనిపించే కొమ్ములు కావు. ఆరవ వరుస అరిగిపోతే ఇక రావు. ముసలి ఏనుగు మేత కళ్ళెదుట ఉన్నా నమలలేక చిక్కిపోతుంది. ఆ ఉండలు అక్కడి వృద్ధురాలికి. ఆమె యౌవనమంతా దుంగలు లాగడంలో గడిచిందట.

అమ్మగారు “తిను తల్లీ, తిను” అంటూ చేయి చాపారు. తొండం కొస ఆ ఉండను ఎంత సుకుమారంగా అందుకొన్నదని! ఆసియా ఏనుగుకు తొండం చివర ఒక్కటే వేలు వంటి మొన ఉంటుంది. ఆ మొనతోనే నేలమీది గడ్డిపరకనూ తీస్తుంది.

రైతు మాత్రం దూరంగా నిలబడ్డాడు. “మా టమోటా తోటను రెండుతూర్లు తొక్కేసినాయి సార్. రేత్రంతా టపాకాయలు పేల్చి, తప్పెటలు కొట్టి తరుముకొన్నాము. ఇక్కడ దుడ్లిచ్చి మేపతా ఉండాము” అన్నాడు. నవ్వుతూనే అన్నాడు గాని, ఆ నవ్వులో ఆనందం లేదు. పలమనేరు, కుప్పం ప్రాంతాలకు 1980 దశకంలో పొరుగు రాష్ట్రాల అడవుల నుంచి ఏనుగులు వచ్చాయి. వాటి కోసమే కౌండిన్య అభయారణ్యం ఏర్పడింది. నాటి నుంచి అక్కడి రైతుకు కంటిమీద కునుకు లేదు.

మావటి అరవయ్యేళ్ళు దాటిన మనిషి. గైడు ఆయనను ‘పతీ’ అని పిలిచేవాడు; మన పెదనాన్న వంటి మాట. గైడు ద్వారా రెండు ప్రశ్నలు వేశాను. రాత్రిపూట గొలుసు వేస్తారా? అంకుశం వాడతారా?

ఆయన దాచలేదు. “గొలుసు వేస్తాను, పొడుగు గొలుసు. ఆ వాగు అవతల ఎవరి వరిచేనో ఉన్నది. ఒక్క రాత్రి వదిలితే ఆ ఇంటికి ఏడాది తిండి ఉండదు. అంకుశం సంచిలో ఉంటుంది. అది తీసి చాలా కాలమయింది. కాని మీవంటివారు పదిమంది దాని చుట్టూ నిలబడి ఉండగా అది బెదిరితే నేనేమి చేయను?”

గైడు ఆ మాటలు ఇంగ్లీషులో చెప్పగా, నేను తెలుగులో రైతుకు చెప్పాను. ఆయన తల పంకించి, “న్యాయమే” అన్నాడు. తరువాత తానే వెళ్ళి రెండు చెరుకుగడలు తెచ్చి ఆ వృద్ధురాలికి పెట్టాడు.

2020లో కరోనా వచ్చి శిబిరాలు మూతపడినప్పుడు ఆ మావటి తన ఏనుగుతో కొండలమీదుగా రోజుల తరబడి నడిచి మే చేమ్ ప్రాంతంలోని సొంత ఊరు చేరాడట. ఆ ఏడు వందకు పైగా ఏనుగులు అలా ఇళ్ళకు నడిచాయి. “అక్కడ అడవి ఉంది, మేత ఉంది. అది సుఖపడింది. నాకు మాత్రం అప్పు పెరిగింది. అందుకే తిరిగి వచ్చాము” అన్నాడు.

దీనికి సమాధానమేమిటి? పెంపుడు ఏనుగులు ఆ దేశంలో మూడున్నర వేలకు పైగా ఉన్నాయి. అన్నిటినీ విడిచేటంత అడవి లేదు. పాలకాప్య ముని కథ గుర్తుకు వచ్చింది. అంగరాజు రోమపాదుని పంటలను ఏనుగులు పాడుచేస్తే రాజు వాటిని పట్టి కట్టించాడు. వాటితో పెరిగిన పాలకాప్యుడు వెదుక్కుంటూ వచ్చి, కట్టుకొయ్యల దగ్గర వాటి గాయాలకు మందు రాశాడు. ‘హస్త్యాయుర్వేదం’ అలా పుట్టిందంటారు. రైతు పంటా నిజమే, ఏనుగు గాయమూ నిజమే. ముని రాజును శపించలేదు. రాజుకు ఏనుగుల సంరక్షణ బోధించాడు. ఇన్ని వందల ఏళ్ళ తరువాత కూడా మనకున్న దారి ఇంచుమించు అదే.

వెళ్ళదలచినవారికి

పాఠకులలో ఎవరైనా వెళ్ళదలిస్తే నవంబరు నుంచి జనవరి దాకా మంచి కాలం. కొండమీద చలి ఉంటుంది, ఉన్ని బట్టలు కావాలి. నేల పట్టు గల బూట్లు తప్పనిసరి. మార్చి ప్రాంతంలో అడవులు, పొలాలు తగులబెట్టే పొగ లోయలో నిలుస్తుంది. ఆ రోజులలో పోవద్దు.

శిబిరం ఎంచుకోవడానికి బోర్డును నమ్మవద్దు. సవారీ, ఆటలు ఉన్నచోటికి అసలే పోవద్దు. యాత్రికులచేత ఏనుగుకు స్నానం చేయించే తమాషా కూడా మంచిది కాదు. ఏనుగుకు తనంతట తాను మునగడం, తరువాత మన్ను చల్లుకోవడం తెలుసు; రోజుకు నాలుగు జట్లు వచ్చి నీళ్ళు పోస్తే అదీ ఒక చాకిరీయే. ప్రమాదం కూడా. 2025 జనవరిలో ఆ దేశపు దక్షిణ భాగంలో ఒక ద్వీపంలో ఏనుగుకు స్నానం చేయిస్తూ స్పెయిన్ దేశపు విద్యార్థిని ఒకతె దాని దాడిలో ప్రాణం కోల్పోయింది. దూరాన నిలబడి చూడనిచ్చే చోటే మేలైన చోటు.

వెళ్ళినచోట మూడు ప్రశ్నలు అడగండి: ఈ ఏనుగు రోజుకు ఎన్ని గంటలు స్వేచ్ఛగా తిరుగుతుంది? రాత్రి ఎక్కడ ఉంటుంది? మావటికి జీతమెంత? మూడవ ప్రశ్నను ఎక్కువమంది అడగరు. మావటి కడుపు నిండనిచోట ఏనుగు కడుపు నిండదు.