కషాషా బడిలో ఆగని నవ్వు

1962 జనవరి 30. టాంగన్యికాకు, అంటే నేటి టాంజానియా ప్రధాన భూభాగానికి, స్వాతంత్ర్యం వచ్చి రెండు నెలలు కూడా నిండలేదు. విక్టోరియా సరస్సు పడమటి తీరాన, బుకోబా పట్టణానికి దూరంగా ఉన్న పల్లె కషాషా. అక్కడ క్రైస్తవ మిషన్ నడిపే ఆడపిల్లల హాస్టల్ స్కూల్లో ముగ్గురు పిల్లలు నవ్వడం మొదలుపెట్టారు. ఎంతకీ ఆపుకోలేకపోయారు. మార్చి 18 నాటికి 159 మందిలో 95 మందికి అదే పరిస్థితి. చేసేది లేక బడి మూసేశారు.

ఏదో జోకు పేలి ఊరంతా పగలబడి నవ్విందన్నట్టు ఈ సంగతిని ఇప్పటికీ వింతగా చెప్పుకుంటారు. అది అన్యాయం. ర్యాంకిన్, ఫిలిప్ అనే డాక్టర్లు 1963లో ప్రచురించిన నివేదికలో వినోదం ఎక్కడా లేదు. నవ్వు, ఆ వెంటనే ఏడుపు, పట్టుకోబోతే పెనుగులాట. ఎవరో తరుముకొస్తున్నారన్న భయం. కాసేపు తెరిపి ఇచ్చి మళ్లీ మొదలయ్యేది. కొందరికి కొన్ని గంటల్లో తగ్గింది, కొందరిని 16 రోజుల దాకా వదల్లేదు.

నెత్తురు, వెన్నులోని ద్రవం పరీక్షించారు. తిండిలో విషం కలిసిందేమోనని చూశారు. ఏమీ దొరకలేదు. పిల్లల మధ్యే తిరిగే టీచర్లలో ఒక్కరికీ ఇది సోకలేదు. చివరికి డాక్టర్లు మాస్ హిస్టీరియా అని తేల్చారు.

ఇళ్లకు పంపిన పిల్లలతో పాటు నవ్వూ ఊళ్లకు వెళ్లింది. న్షాంబా అనే ఊళ్లో 217 మందికి వచ్చింది. మే 21న కషాషా బడి మళ్లీ తెరిస్తే మరో 57 మంది పిల్లలు దీని బారిన పడ్డారు. జూన్ ఆఖరుకు మళ్లీ మూత.

ఎందుకిలా? ఈ ఉదంతాన్ని తర్వాత పరిశీలించిన భాషాశాస్త్రవేత్త క్రిస్టియన్ హెంపెల్‌మన్ ఒత్తిడినే కారణంగా చూశాడు. మిషన్ బడి కట్టుబాట్లు, కొత్త దేశం పెట్టుకున్న ఆశలు ఆ వయసు పిల్లలకు మోయలేని బరువు. ఎదురు చెప్పే వీలు లేదు, వదిలి వెళ్లే దారీ లేదు. నోటితో చెప్పుకోలేని బాధ ఒంట్లోంచి బయటపడుతుంది. ఒకరిని చూసి ఒకరికి పాకుతుంది.

2006 చివర్లో మెక్సికోలోని చాల్కోలోనూ ఇలాంటిదే మొదలైంది. సన్యాసినులు నడిపే ఉచిత హాస్టల్ స్కూల్లో సుమారు 600 మంది పేదింటి ఆడపిల్లలకు కాళ్ల నొప్పులొచ్చి నడక తడబడింది. అక్కడి పిల్లలకు ఇంటివాళ్లను చూసే అవకాశమే చాలా తక్కువ.

‘నాటకాలాడుతున్నారు’ అని గద్దిస్తే ఈ లక్షణాలు ఇంకా ముదురుతాయి. పిల్లలు పడే బాధ నిజమైనదే. ముందు తిండి, నీళ్లు, గాలి పరీక్షించి విషం లేదని తేల్చుకోవాలి. ఆ తర్వాత బాధపడుతున్నవాళ్లను గుంపు నుంచి తప్పించి, కంగారు లేని చోట ఉంచి, నమ్మే మనిషి పక్కన కూర్చుని వాళ్లు చెప్పేది వినాలి.