తాజమహలు హోటలు: వెనుకముందుల కథ

బొంబాయిలో తరతరములుగా స్థిరపడిన తెలుగువారికి అపోలో బందరుచెంత నున్న తాజమహలు హోటలు చిరపరిచితము. జంషెట్జీ టాటాగారు కట్టించిన యీ సౌధము 1903 డిసెంబరు 16వ తేదీన ప్రారంభమైనది. 1924లో పూర్తియైన గేట్‌వే ఆఫ్ ఇండియా కంటె ఇదియే పెద్దది, వయస్సున.

శిల్పి సీమనుండి మరలివచ్చి, భవనము వెనుకముందుగా కట్టబడుట గాంచి ప్రాణత్యాగ మొనర్చెనని యొక జనశ్రుతి కలదు. ఇది నమ్మదగినది కాదు. డి.ఎన్. మీర్జాగారితో గూడి దీని రూపమును కల్పించిన సీతారాం ఖండేరావు వైద్యగారు, నిర్మాణము ముగియకమునుపే, 1900లో మలేరియా జ్వరముచే మరణించిరి. శేషించిన పనిని డబ్ల్యూ.ఎ. చాంబర్సు నెరవేర్చెను.

నాడు అతిథుల బండ్లు నగరమువైపునుండి వచ్చెడివి. కావున ప్రవేశద్వారము పడమట, రెండు పార్శ్వశాలల నడుమ నుంచబడెను. తూర్పుననున్న గదులకు సముద్రదర్శనమును, చల్లగాలియు లభించెను. నడుమ గుమ్మటము, దానిక్రింద మహాసోపానము అమరినవి. తరువాతికాలమున ద్వారము సముద్రమువైపునకు మారుటచేతనే యీ కథ ప్రబలినది కాబోలు.

2008 నవంబరు దాడిలో గాయపడిన యీ సౌధము 2010లో పునరుద్ధరింపబడినది. వైద్యగారి కీర్తిమాత్రము నేటికిని ఆ కట్టుకథ నీడననే యున్నది. పొరపాటని లోకమనుకొన్నది ఆయన వివేకము. ఆ సంగతి దెలియుటయే ఆయనకు తగిన సత్కారము.